లాస్‌లెస్‌లో 'ది లో ఎండ్ థియరీ': తేడా ఎక్కడ వినిపిస్తుంది?

పాత హిప్-హాప్ ఆల్బమ్‌ను లాస్‌లెస్‌లో, అంటే ధ్వనిలో ఏదీ పోకుండా దాచే ఫైళ్లలో, వింటే తేడా నిజంగా తెలుస్తుందా, లేక అది మన భ్రమేనా అని మీరు అడిగారు. ఎ ట్రైబ్ కాల్డ్ క్వెస్ట్ బృందం 1991లో విడుదల చేసిన 'ది లో ఎండ్ థియరీ'ని ఏళ్ల తరబడి విన్న అనుభవంతో చెబుతున్నాను: తేడా తెలుస్తుంది, అయితే చాలామంది వెతికే చోట మాత్రం కాదు.

కాలేజీ రోజుల్లో ఈ ఆల్బమ్ నాకు 128 కేబీపీఎస్ (సెకనుకు 128 కిలోబిట్లు) ఎంపీ3 ఫైళ్లుగా, అంటే ధ్వనిలో కొంత వదిలేసి కుదించిన ఫైళ్లుగా దొరికింది. చాలా కాలం తర్వాత సీడీ కొని, ఫ్లాక్ అనే లాస్‌లెస్ ఫైళ్లుగా కంప్యూటర్‌లోకి ఎక్కించుకున్నాను. పేరులోనే మంద్రస్థాయి ('లో ఎండ్') ఉన్న ఆల్బమ్ కనుక బేస్ కొత్తగా వినిపిస్తుందని ఆశపడ్డాను, కానీ బేస్ దాదాపు అలాగే ఉంది. ఎంపీ3 కుదింపు మంద్రధ్వనుల జోలికి పెద్దగా పోదు. అది ముందుగా దెబ్బతీసేది తారస్థాయి ధ్వనులనూ, ఠక్కున మొదలయ్యే దరువులనూ. మొదటి పాట 'ఎక్స్‌కర్షన్స్'లో, ఆర్ట్ బ్లేకీ జాజ్ రికార్డు నుంచి తీసుకున్న బేస్ వరుస మీద బృందంలోని ర్యాపర్ క్యూ-టిప్ గొంతు కొంతసేపు ఒంటరిగా నడిచాక డ్రమ్స్ వచ్చి చేరతాయి. నా పాత ఫైళ్లలో ఆ డ్రమ్స్‌లోని హై-హ్యాట్ (జంట తాళాలు) నీళ్లలోంచి వస్తున్నట్టు బుసబుసలాడేది. ఫ్లాక్‌లో ప్రతి దెబ్బా విడిగా, పొడిగా వినిపించింది. 'వర్సెస్ ఫ్రమ్ ది అబ్‌స్ట్రాక్ట్'లో జాజ్ దిగ్గజం రాన్ కార్టర్ స్వయంగా డబుల్ బేస్ వాయించారు. ఆయన వేలు తీగను మీటే ఆ తొలి క్షణాన్ని నేను సరిగ్గా విన్నది అప్పుడే.

లాస్‌లెస్ దేనినీ నునుపు చేయదని కూడా గమనించాలి. ఆ కాలపు హిప్-హాప్‌లో విరివిగా వాడిన ఎస్‌పీ-1200 శాంప్లర్ (పాత రికార్డుల ముక్కలను తీసుకుని మళ్లీ వాయించే యంత్రం) ధ్వనిని 12 బిట్లలో, సెకనుకు సుమారు 26,000 నమూనాలతోనే నిల్వ చేసేది. సీడీకి 16 బిట్లు, 44,100 నమూనాలు. ఆ యంత్రపు గరుకుదనమూ, పాత వినైల్ రికార్డుల చిటపటలూ ఆ సంగీతానికి ప్రాణం. వాటిని ఉన్నవి ఉన్నట్టుగా అందించడమే లాస్‌లెస్ చేసే మేలు.

భ్రమేమోనన్న అనుమానం నాకూ ఉండటంతో, ఏది ఏదో చెప్పకుండా మా తమ్ముడి చేత పాటలు మార్చి మార్చి వేయించుకున్నాను. 128 కేబీపీఎస్ ఫైలును ప్రతిసారీ గుర్తుపట్టాను. అదే సీడీ నుంచి చేసిన 320 కేబీపీఎస్ ఎంపీ3కీ, ఫ్లాక్‌కీ మధ్య తేడా మాత్రం చెప్పలేకపోయాను. మీరూ పోల్చి చూడదలిస్తే రెండింటి శబ్దస్థాయినీ ముందు సమానం చేసుకోండి, ఎందుకంటే కాస్త గట్టిగా మోగేదే మన చెవికి మెరుగనిపిస్తుంది. సాధారణ బ్లూటూత్ ధ్వనిని మళ్లీ కుదిస్తుంది కాబట్టి వైరు ఉన్న హెడ్‌ఫోన్లే వాడండి. ఉన్న ఎంపీ3లను ఫ్లాక్‌గా మార్చుకోవడం వల్ల పోయినది తిరిగి రాదు. ఇల్లు సద్దుమణిగాక 'ఎక్స్‌కర్షన్స్' పెట్టుకుని, డ్రమ్స్ అందుకునే ఆ క్షణంలో బేస్‌ను వదిలేసి హై-హ్యాట్ మీద చెవి పెట్టండి.