మోకాలి బెల్టు సంగతి తర్వాత.. ముందు ఆ ఆయాసం సంగతి చూడండి

ప్రశ్న: డాక్టరు గారూ, నా వయసు 61. రిటైర్డ్ టీచర్‌ని. జూన్‌లో డల్లాస్‌లో ఉన్న మా అమ్మాయి దగ్గరికి వెళ్తున్నాను. జులైలో అక్కడి నుంచి అందరం పెరూ వెళ్లాలని ప్లాన్. మాచు పిచ్చు శిథిలాలకు కొండల మీదుగా నడిచి వెళ్లే నాలుగు రోజుల ఇన్కా ట్రెయిల్ నావల్ల కాదని, గైడ్‌తో వెళ్లే రెండు రోజుల చిన్న ట్రెక్ బుక్ చేశారు. నాకు మోకాళ్ల నొప్పులున్నాయి. ఏ రకం బెల్టు మంచిది? పొద్దున్నే డైక్లోఫెనాక్ ఒకటి వేసుకుని నడక మొదలుపెట్టొచ్చా? షుగర్‌కి మెట్‌ఫార్మిన్, గ్లిమెపిరైడ్ కలిసిన మాత్ర రెండు పూటలా, బీపీకి టెల్మిసార్టాన్, హైడ్రోక్లోరోథయాజైడ్ కలిసినది వాడుతున్నాను. ఆరేళ్ల కిందట అలిపిరి మెట్లెక్కి కొండకు వెళ్లాను. ఈ మధ్య రెండో అంతస్తుకే కాస్త ఆయాసం వస్తోంది, వయసు వల్లే అనుకుంటున్నా. లేహ్ వెళ్లినప్పుడు రెండు రోజులు తలనొప్పి, వాంతులు అయితే పారాసిటమాల్, నిద్రమాత్ర వేసుకుని పడుకున్నాను, తగ్గిపోయింది. ఈసారి ముందు జాగ్రత్తగా ఎత్తు ప్రదేశాల్లో వాడే డయామాక్స్ మాత్రలు తీసుకెళ్లమని మా వాట్సప్ గ్రూపులో చెప్పారు. చిన్నప్పుడు సల్ఫా మాత్రకి ఒళ్లంతా దద్దుర్లు వచ్చాయి. ఫర్వాలేదా?
- ఓ పాఠకురాలు, హనుమకొండ

జవాబు: మీరు అడిగింది బెల్టు గురించి. నాకు కలవరం కలిగించింది చివర్లో రాసిన నాలుగు మాటలు. రెండో అంతస్తుకే ఆయాసం రావడాన్ని వయసు ఖాతాలో వేయకండి. షుగర్ ఉన్నవాళ్లలో, అందులోనూ ఆడవాళ్లలో, గుండె రక్తనాళాల జబ్బు ఛాతీ నొప్పిగా కాకుండా ఆయాసంగానో, నిస్సత్తువగానో బయటపడటం మామూలే. రక్తం తక్కువైనా, థైరాయిడ్ తేడా చేసినా, బరువు పెరిగినా ఆయాసం వస్తుంది. ఏదన్నది మిమ్మల్ని పరీక్షించకుండా ఇక్కడ కూర్చుని తేల్చలేను. ఈ వారంలోనే ఫిజీషియన్‌ని కలిసి ఈసీజీ, ఎకో, హిమోగ్లోబిన్, క్రియాటినిన్, సోడియం, పొటాషియం, హెచ్‌బీఏ1సీ, టీఎస్‌హెచ్ చేయించుకోండి. ట్రెడ్‌మిల్ పరీక్ష అవసరమా, మోకాళ్లు సహకరించకపోతే దాని బదులు ఏం చేయాలన్నది వాళ్లు నిర్ణయిస్తారు. ఆ ఫలితాలు వచ్చేదాకా ట్రెక్‌కి ఇంకా డబ్బు కట్టొద్దని అమ్మాయికి చెప్పండి.

ఇంత గట్టిగా చెప్పడానికి కారణం ఆ దారే. ఒల్యాంతాయ్‌తాంబో అనే ఊళ్లో రైలెక్కితే 104వ కిలోమీటరు దగ్గర దింపుతారు. అక్కడ ఊరు లేదు, రోడ్డు లేదు. పాస్‌పోర్టు, పర్మిట్ చూపించి ఉరుబాంబా నది మీద వంతెన దాటితే చచ్చబాంబా శిథిలాలు, ఎత్తు సుమారు 2,150 మీటర్లు. అక్కడి నుంచి నీడ లేని కొండవాలు మీద మూడు గంటల పైచిలుకు ఎక్కితే వినయ్ వైనా, దాదాపు 2,650 మీటర్లు. ఆపైన సూర్యద్వారం, అంటే ఇంతి పుంకు, 2,700 మీటర్ల పైన. దానికి కాస్త ముందు నిటారు రాతిమెట్ల వరస ఒకటి ఉంది, చేతులు కూడా ఆనించి ఎక్కుతారు. అక్కడి నుంచి 2,430 మీటర్ల దగ్గరున్న మాచు పిచ్చుకు దిగుడు. మొత్తం పది, పన్నెండు కిలోమీటర్లు, ఆరేడు గంటలు. మధ్యలో ఎవరికైనా బాగోలేకపోతే వాహనం రాదు. ముందుకో వెనక్కో నడవాలి, లేదా మోసుకెళ్లాలి. రాత్రి బస కొండ మీద ఉండదు, బస్సులో కింద ఆగ్వాస్ కాలియెంతెస్‌కు దిగి హోటల్లో పడుకుంటారు. మర్నాడు మాచు పిచ్చు చూస్తారు.

అలిపిరి దారి 3,550 మెట్లు, తొమ్మిది కిలోమీటర్లు కాబట్టి ఎక్కే శ్రమలో ఇది దానికి మరీ దూరం కాదు. కానీ ఆరేళ్ల కిందటి అలిపిరి ఇవాళ్టి గుండెకు సర్టిఫికెట్ ఇవ్వదు.

ఇక ఎత్తు విషయం. ఈ ట్రెక్‌లో ఎత్తు వల్ల ఇబ్బంది వచ్చేది నడిచే రోజు కంటే ముందే, విమానం దిగే కుస్కో నగరంలో. పెరూ రాజధాని లిమా సముద్రమట్టానికి దగ్గర, కుస్కో 3,400 మీటర్లు. విమానంలో గంటన్నరలోపే దిగుతారు. అంటే దాదాపు మీ లేహ్ ఎత్తే. లేహ్‌లో మీకొచ్చింది ప్రయాణం బడలిక కాదమ్మా. తలనొప్పితో వాంతులంటే ఎత్తు జబ్బే, అప్పుడు దాని మీద నిద్రమాత్ర వేసుకున్నారు. అల్ప్రాజొలామ్ లాంటివి నిద్రలో శ్వాసను మందగింపజేస్తాయి. ఆక్సిజన్ తక్కువున్న చోట అదే ప్రమాదం. జబ్బు ముదిరి మెదడులో నీరు చేరుతుంటే మత్తులో ఉన్న మనిషిని చూసి ‘బాగా నిద్రపడుతోంది’ అనుకుంటారు ఇంట్లోవాళ్లు. ఈసారి సంచిలో నిద్రమాత్ర ఉండకూడదు.

ఒకసారి ఎత్తు జబ్బు చేసినవాళ్లకు మళ్లీ వచ్చే అవకాశం ఎక్కువ. దాన్ని తగ్గించడానికి ప్రయాణం వరస మార్చండి, ఖర్చేమీ లేదు. కుస్కోలో దిగిన వెంటనే కారులో ఉరుబాంబా నది లోయకు, అంటే సేక్రెడ్ వ్యాలీకి, అక్కడి ఉరుబాంబాకో ఒల్యాంతాయ్‌తాంబోకో వెళ్లిపోండి. అవి 2,800, 2,900 మీటర్ల మధ్య ఉంటాయి. దారి మధ్యలో ఇంకాస్త ఎత్తు ఎక్కినా ఫర్వాలేదు, పడుకునే చోటు ఎత్తే లెక్క. అక్కడ కనీసం రెండు రాత్రులు ఉండి అప్పుడు ట్రెక్. కుస్కో నగరం చూడటం చివరికి పెట్టుకోండి. చాలా ప్యాకేజీలు మొదటి రెండు రాత్రులూ కుస్కోలోనే పెడతాయి, మార్చమని అడగండి.

డయామాక్స్, అంటే ఎసిటజోలమైడ్, మంచి మందే. ఎత్తుకు వెళ్లే ముందు రోజు మొదలుపెట్టి 125 మి.గ్రా. రోజుకు రెండుసార్లు చొప్పున, పైకి చేరాక రెండు, మూడు రోజులు వాడిస్తాం. లేహ్ చరిత్ర ఉన్న మీ విషయంలో దాని గురించి ఆలోచించాల్సిందే. అయితే ఆలోచించాల్సింది మీ డాక్టరు, వాట్సప్ గ్రూపు కాదు. ఆ గ్రూపులో ఎవరికీ మీ దద్దుర్ల సంగతి తెలియదు. ఇది సల్ఫా యాంటీబయాటిక్ కాదు, వాటికి పడనివాళ్లందరికీ ఇదీ పడదని లేదు. కానీ ఆనాడు నోట్లో పుండ్లు పడి, చర్మం ఊడి, ముఖం వాచి, ఊపిరాడక ఆసుపత్రిలో చేరి ఉంటే దీన్ని ముట్టుకోకూడదు. పెద్దవాళ్లెవరికైనా గుర్తుందేమో కనుక్కోండి. రెండోది, మీ బీపీ మాత్రలోని హైడ్రోక్లోరోథయాజైడ్ ఒంట్లో పొటాషియం తగ్గిస్తుంది, డయామాక్స్ కూడా తగ్గిస్తుంది. మూడోది, మూత్రపిండాలు బాగా లేకపోతే మెట్‌ఫార్మిన్‌తో కలిపి ఇవ్వడానికి వెనకాడతాం. అందుకే ఆ క్రియాటినిన్, పొటాషియం రాశాను. డాక్టరు సరేనంటే ఇంటి దగ్గరే ఒకటి రెండు రోజులు వేసుకుని చూడండి, పడనిది హనుమకొండలోనే తెలుస్తుంది. వేళ్లు తిమ్మిరెక్కడం, మూత్రం ఎక్కువగా రావడం, సోడా చప్పగా అనిపించడం మామూలే.

ఇప్పుడు మీ డైక్లోఫెనాక్. టెల్మిసార్టాన్, నీరు తీసే మాత్ర (ఆ హైడ్రోక్లోరోథయాజైడే), వీటి మీద నొప్పి మాత్ర, పైగా ఎండలో నీళ్లు చాలక నడక. ఈ కలయిక కిడ్నీలను దెబ్బతీయడం మాకు కొత్త కాదు, బీపీ కూడా పెరుగుతుంది. ముందస్తుగా వేసుకునే మాట మరిచిపోండి. నొప్పి వస్తే పారాసిటమాల్ 650, రోజుకు నాలుగు మించకుండా, మోకాలికి డైక్లోఫెనాక్ జెల్. పారాసిటమాల్‌కీ ఒక షరతు ఉంది. ఎత్తులో తలనొప్పి వచ్చి ఒక మాత్రతో తగ్గితే సరే. తగ్గకపోయినా, వికారం, తల తిరగడం తోడైనా ఇంకో మాత్ర వేసుకుని పైకి వెళ్లకూడదు. ఆగాలి, ఇంకా పెరుగుతుంటే కిందికి దిగాలి. సరళరేఖ మీద మడమకు బొటనవేలు తాకిస్తూ మిమ్మల్ని నడిపించి చూడమని పక్కవాళ్లకు చెప్పండి. తూలితే, మాట తడబడితే, కూర్చున్నా ఆయాసం, దగ్గు ఉంటే తెల్లారేదాకా ఆగకుండా ఆక్సిజన్ పెట్టించి దిగువకు తీసుకెళ్లాలి. ఈ లక్షణాలు అమ్మాయికి, గైడ్‌కి తెలిసి ఉండాలి. ఆ స్థితిలో మీకు మీరు చెప్పుకోలేరు.

గ్లిమెపిరైడ్ ఇంకో చిక్కు. ఆరేడు గంటల ఎక్కుడు, ఆలస్యంగా భోజనం, అందులో ఈ మాత్ర అంటే షుగర్ పడిపోతుంది. చెమటలు, వణుకు, తలనొప్పి, గందరగోళం చూసి పక్కవాళ్లు ఎత్తు వల్ల అనుకుంటారు. నడిచే రోజు మోతాదు తగ్గించాలా అని ముందే రాయించుకోండి, మీరే మానేయకండి. రెండు గంటలకోసారి ఏదైనా తినండి. గ్లూకోమీటర్ చలికి తప్పు చూపవచ్చు, జాకెట్ లోపలి జేబులో పెట్టుకోండి. 70 కంటే తగ్గితే మూడు చెంచాల గ్లూకోజ్, పావుగంట ఆగి మళ్లీ పరీక్ష. ఒక మాట గుర్తుంచుకోండి: మీరు నడిచే దారి 2,750 మీటర్లు దాటదు. అందుకని దారిలో నడక ఆపి పది నిమిషాలు కూర్చున్నా ఆయాసం తీరకపోతే ఎత్తు మీదకు నెట్టేయకుండా షుగర్, గుండె చూడాలి.

మోకాళ్ల విషయానికొస్తే, బెల్టు మీకు హాయిగా అనిపిస్తే పెట్టుకోండి, ఏ కంపెనీదన్నది పెద్ద తేడా చేయదు. మోకాలిని కాపాడేది తొడ కండరం. గుండె పరీక్షలు బాగున్నాయని తేలాక, కుర్చీలో నుంచి చేతులు ఊనకుండా లేచి కూర్చోవడం పదేసి చొప్పున మూడుసార్లు రోజూ, ఎనిమిది వారాలు. మెట్లు దిగడం సాధన చేయండి, నొప్పి పెట్టేది ఎక్కేటప్పటి కంటే దిగేటప్పుడే. రెండు ట్రెక్కింగ్ కర్రలు, కింద రబ్బరు తొడుగులతో తీసుకెళ్లండి. ఇనుప మొనలను రాతిమెట్లు పాడవుతాయని ఒప్పుకోరు. నీళ్లు రెండు లీటర్లు, టోపీ, దోమల క్రీము. మాచు పిచ్చు లోపల టాయిలెట్లు ఉండవు, గేటు బయటే. మీరు వాడే నీటి మాత్రకు ఇది చిన్న విషయం కాదు, కానీ ఆ భయంతో నీళ్లు మానేయొద్దు.

హోటళ్లలో కోకా ఆకుల టీ ఇస్తారు. ఎత్తు జబ్బును ఆపుతుందనడానికి గట్టి ఆధారం లేదు. తాగితే మూత్ర పరీక్షలో కొకైన్ ఆనవాళ్లు కనిపించవచ్చు, అమ్మాయి ఆఫీసులో డ్రగ్ టెస్టులుంటే ఆమె దూరంగా ఉండటం మేలు. ఆ ఆకులు అమెరికాకు గానీ ఇండియాకు గానీ తేవడం నేరం.

దోమల వల్ల వచ్చే ఎల్లో ఫీవర్ గురించి మీరు అడగలేదు. కుస్కో, మాచు పిచ్చు వరకే అయితే టీకా అవసరం లేదు. అయితే పెరూ వదిలిన ఆరు రోజుల్లోపు ఇండియాలో దిగితే టీకా పత్రం అడుగుతారు, లేకుంటే క్వారంటైన్‌లో పెట్టవచ్చు. అరవై దాటినవాళ్లలో ఈ టీకాకు తీవ్రమైన దుష్ప్రభావాల ముప్పు కొంత ఎక్కువ, కాబట్టి పత్రం కోసం వేయించుకోవడం కంటే తిరిగి డల్లాస్‌లో వారం పైన ఉండి రావడం సులువు. ట్రావెల్ ఇన్సూరెన్స్‌లో షుగర్, బీపీ దాచకుండా రాయండి. ఎంత ఎత్తు వరకు వర్తిస్తుందో కూడా చూడండి.

రిపోర్టులు వచ్చాక మందుల చీటీతో సహా మళ్లీ రాయండి. ఈలోగా ఆయాసం పెరిగినా, రాత్రి పడుకుంటే ఊపిరాడక లేచినా, ఛాతీలో, దవడలో బరువుగా అనిపించినా ల్యాబ్ అపాయింట్‌మెంట్ కోసం ఆగకుండా అదే గంటలో ఎమర్జెన్సీకి వెళ్లండి.