జపాన్ నటి సెత్సుకో హారా అంత పేరుండగా నలభై దాటగానే సినిమాలు ఎందుకు మానేశారు?

దర్శకుడు ఓజు పోయాడన్న దిగులుతో మానేశారని చాలామంది రాస్తుంటారు. నేనొప్పుకోను. ఓజు పోయింది 1963 డిసెంబరులో, ఆవిడ ఆఖరి సినిమా వచ్చింది 1962లో. ఆడమనిషి పని మానేస్తే వెనకాల ఒక మగాడు ఉండి తీరాలా? మన యూట్యూబ్‌లో "ఈ హీరోయిన్ ఇప్పుడెలా ఉందో చూస్తే షాక్" అని పెట్టేవాళ్లదీ ఇదే బాపతు.

నాకు నచ్చిన జవాబు మా అమ్మది. లాక్‌డౌన్‌లో ఓ రాత్రి లాప్‌టాప్‌లో ఓజు తీసిన 'టోక్యో స్టోరీ' (1953) పెట్టాను. అమ్మకి ఇంగ్లీషు రాదు, సబ్‌టైటిల్స్ నేనే చదివి తెలుగులో చెబుతున్నాను. అవేమో చదివేలోపే మాయం! అందులో హారా నొరికో అనే కోడలు. భర్త యుద్ధంలో పోయి ఎనిమిదేళ్లు. ఊరి నుంచి వచ్చిన అత్తమామలకి కన్నబిడ్డల దగ్గర తీరిక దొరకదు, ఈవిడే ఆఫీసుకి సెలవు పెట్టి బస్సులో టోక్యో అంతా చూపిస్తుంది. తన ఒంటిగదికి తీసుకొచ్చాక చూస్తే మామగారికి పోయడానికి సాకే (బియ్యంతో చేసే జపాన్ మద్యం) లేదు. పక్కింటికెళ్లి అడిగి తెస్తుంది. మళ్లీ వెళ్లి, పోయడానికి చిన్న కూజా, తాగడానికి కప్పు కూడా అడుగుతుంది. అమ్మ పకపకా నవ్వింది. "మీ నాన్న చెప్పాపెట్టకుండా చుట్టాల్ని తెస్తే నేనూ కాఫీపొడికి ఇలాగే పరిగెత్తేదాన్ని."

చివర్లో చిన్న ఆడపడుచు, జీవితమంటే ఇంత నిరాశేనా అని అడుగుతుంది. హారా మొహం నిండా నవ్వుతో అవునంటుంది. నేనింకా తెలుగులో చెప్పనేలేదు, అమ్మకి అర్థమైపోయింది. కాసేపాగి, "అందరి కోసం నవ్వీ నవ్వీ దవడలు నొప్పెట్టి మానేసుంటుంది" అంది.

నవ్వులాట కాదు. 1935లో, పదిహేనేళ్లకే, దర్శకుడైన బావ చలవతో సినిమాల్లోకొచ్చారు. నటన తనకంత ఇష్టం లేదనీ, ఇంటిల్లిపాదినీ పోషించడానికే చేశాననీ ఆవిడే చెప్పినట్టు ప్రచారంలో ఉంది. ఓజు ఆరు సినిమాల్లో ఆ నవ్వు, మరో దర్శకుడు కురొసావా దగ్గర అందుకు పూర్తిగా వేరే మనిషి. తర్వాత టోక్యో దగ్గరి కామకురా ఊళ్లో తలుపేసుకుని అర్ధ శతాబ్దం. ఫొటోల్లేవు, ఇంటర్వ్యూల్లేవు. 2015 సెప్టెంబరులో 95వ ఏట పోతే, లోకానికి తెలిసింది నవంబరు చివర్లో.

అమ్మ ఆ సినిమా మళ్లీ పెట్టమంటోంది. సాకే కోసం పక్కింటికెళ్లే దాకా చాలట.