సీరియల్ నటన జీవనాధారం అవుతుందా? మాంచెస్టర్‌లోని ఒక తల్లి ప్రశ్నకు జవాబు

ప్రశ్న: మాది గుంటూరు జిల్లా. నేను మాంచెస్టర్‌లో ఆసుపత్రి నర్సుగా పనిచేస్తున్నాను. మా అమ్మాయికి 17 ఏళ్లు. ఇక్కడ ఇంటర్‌లాంటి ఎ-లెవెల్స్‌లో బయాలజీ, కెమిస్ట్రీ, డ్రామా చదువుతోంది. ఫార్మసీలో చేర్పించాలని మావారి కోరిక. తనేమో డ్రామా స్కూలుకే వెళ్తానంటోంది. ఇక్కడి టీవీ సీరియల్‌లో ఒక్క మంచి పాత్ర దొరికితే చాలు, ఉద్యోగంలాగే ఏళ్ల తరబడి సాగిపోతుందని వాదిస్తోంది. ఇది నిజమేనా? ఈ వృత్తిని నమ్ముకుని ఆడపిల్ల బతకగలదా?

జవాబు: అమ్మా, మీ అమ్మాయి మాటలో సగం నిజం ఉంది. ఆ సగాన్ని ముందుగా ఒప్పుకోవాలి. మన తెలుగు సీరియల్ ఎన్ని వందల ఎపిసోడ్లు నడిచినా ఏదో ఒకనాటికి కథ కంచికి చేరుతుంది. బ్రిటన్‌లో సోప్ అని పిలిచే సీరియళ్లకు అలాంటి ముగింపు ఉండదు. మీ ఊరి పక్కనే తయారయ్యే కొరొనేషన్ స్ట్రీట్ 1960 డిసెంబరు 9న మొదలై నేటికీ నడుస్తోంది. ఆ మొదటి ఎపిసోడ్‌లో కెన్ బార్లోగా కనిపించిన విలియం రోచ్ ఆరు దశాబ్దాలు దాటాక కూడా అదే పాత్రలో కొనసాగారు. లీడ్స్‌లో తీసే ఎమర్‌డేల్ 1972లోను, లండన్ శివార్లలోని ఎల్‌స్ట్రీలో బీబీసీ తీసే ఈస్ట్‌ఎండర్స్ 1985 ఫిబ్రవరి 19న మొదలయ్యాయి. కాబట్టి ఉద్యోగంలాగే ఉంటుందన్న మాట ఆమె గాలిలోంచి పుట్టించింది కాదు. అయితే అన్నేళ్లు నిలిచేది సీరియలే కాని, అందులో నటించే ప్రతి మనిషీ కాదు. ఆ మిగిలిన సగం మీ అమ్మాయికి ఇంకా తెలిసినట్టు లేదు.

అది తేటపడాలంటే జూన్ బ్రౌన్ జీవితాన్ని చూడాలి. ఈస్ట్‌ఎండర్స్‌లో డాట్ కాటన్‌గా ఆమె బ్రిటన్‌లో ఇంటింటికీ తెలిసిన మనిషి. లాండ్రీలో పనిచేస్తూ, వేళ్ల మధ్య సిగరెట్ ఆరనివ్వకుండా, మాటకొకసారి బైబిల్ వాక్యం వల్లిస్తూ, దుర్మార్గుడైన కొడుకు నిక్‌ను ఎన్నిసార్లు మోసపోయినా మళ్లీ నమ్మే ముసలితల్లి పాత్ర అది. ఆమె పేరు వినగానే అందరికీ గుర్తొచ్చేది ఆ వేషమే; నేను మీ ఇద్దరినీ చూడమనేది మాత్రం ఆ వేషం దొరకడానికి ముందు గడిచిన కాలాన్ని.

ఆమె 1927 ఫిబ్రవరి 16న సఫోక్‌లోని నీడమ్ మార్కెట్‌లో పుట్టారు. రెండో ప్రపంచ యుద్ధం చివరి ఏళ్లలో నౌకాదళపు మహిళా విభాగంలో పనిచేసి, ఆ తర్వాత లండన్‌లోని ఓల్డ్ విక్ థియేటర్ స్కూల్లో నటన నేర్చుకున్నారు. అక్కణ్నుంచి దశాబ్దాల పాటు ఆమెకు నాటకరంగమే ప్రధాన వృత్తి. హెడ్డా గాబ్లర్, లేడీ మాక్‌బెత్ వంటి బరువైన పాత్రలు వేశారు. టీవీలో దొరికినవి మాత్రం చాలావరకు చిన్న వేషాలే. 1970-71లో కొరొనేషన్ స్ట్రీట్‌లో కూడా ఒక చిన్న పాత్రలో వచ్చి వెళ్లారు, 1973-74లో డాక్టర్ హూ అనే టీవీ ధారావాహికలో ఒక కథలో కనిపించారు. మొదటి భర్త, ఆయన కూడా నటుడే, 1957లో చనిపోయారు. మరుసటి ఏడాది నటుడు రాబర్ట్ ఆర్నాల్డ్‌ను పెళ్లిచేసుకున్నారు. వారికి ఆరుగురు పిల్లలు పుట్టగా ఒకరు పసితనంలోనే పోయారు. ఇంతమంది పిల్లలను పెంచుతూ, నిలకడ లేని సంపాదనతో, ఆ వృత్తిని విడవకుండా ఆమె నెట్టుకొచ్చారు.

1985లో, ఈస్ట్‌ఎండర్స్ మొదలైన కొద్ది నెలలకు, అందులో డెన్ వాట్స్ పాత్ర వేస్తున్న లెస్లీ గ్రాంథమ్ డాట్ పాత్రకు ఆమె పేరు సూచించారు. మొదట కుదిరిన ఒప్పందం మూడు నెలలకు మాత్రమే. అప్పటికి ఆమె వయసు 58. మన దగ్గర మామూలు ఉద్యోగాల్లో పదవీ విరమణకు సిద్ధమయ్యే వయసది. ఆ మూడు నెలలు, 1993 నుంచి 1997 వరకు తీసుకున్న విరామం పోగా, 2020 దాకా సాగాయి. అంటే మీ అమ్మాయి చెబుతున్న ఏళ్ల తరబడి సాగే పాత్ర జూన్ బ్రౌన్‌కు నిజంగానే దొరికింది, కాని దానికి ముందు ముప్పై అయిదేళ్లకు పైగా నటన ఉంది, ఆ ముప్పై అయిదేళ్లూ సీరియల్‌లో నిలకడైన పాత్ర లేకుండానే ఆమె నటిగా బతికారు.

ఆ శిక్షణ ఎక్కడ అక్కరకొచ్చిందో ఒక్క ఎపిసోడ్ చూస్తే తెలుస్తుంది. 2008 జనవరి 31న ప్రసారమైన ఈస్ట్‌ఎండర్స్ ఎపిసోడ్‌లో అరగంటపాటు డాట్ ఒక్కతే ఉంటుంది. భర్త జిమ్ పక్షవాతంతో ఆసుపత్రిలో ఉన్నాడు. జిమ్ పాత్ర వేసే జాన్ బార్డన్‌కు నిజంగానే అంతకుముందు ఏడాది పక్షవాతం వచ్చింది. డాట్ ఇంట్లో టేప్‌రికార్డర్ ముందు పెట్టుకుని కూర్చుని, భర్తకు వినిపించడానికి తన మాటలు క్యాసెట్‌లోకి ఎక్కిస్తుంది. చిన్ననాటి సంగతులు, భయాలు, తిరిగొచ్చే భర్తను తాను చూసుకోగలనా అన్న సందేహం, అన్నీ అందులో బయటపడతాయి. ఎదుట మాట అందించే మనిషి లేడు, కట్ చేసి చూపించడానికి మరో ముఖం లేదు. మన స్కూళ్లలో ఏకపాత్రాభినయం వేసిన ప్రతివారికీ అది ఎంత కష్టమో తెలుసు. దాన్ని లక్షలమంది చూసే సీరియల్‌లో ముప్పై నిమిషాలు నిలబెట్టడం బ్రిటిష్ సోప్ చరిత్రలో అదే మొదటిసారి. దానికి మరుసటి ఏడాది ఆమె బ్రిటన్ సినిమా, టీవీ పురస్కారమైన బాఫ్టాలో ఉత్తమ నటి అవార్డుకు నామినేట్ అయ్యారు. సోప్ నటికి అంతకుముందు ఆ గౌరవం దక్కింది కొరొనేషన్ స్ట్రీట్‌లో హిల్డా ఆగ్డెన్‌గా నటించిన జీన్ అలెగ్జాండర్‌కు మాత్రమే. సీరియల్ నటన అంటే తక్కువ రకం నటన అని మీవారు అనుకుంటూ ఉంటే, ఆ ఎపిసోడ్ దొరికితే ఆయనకు తప్పకుండా చూపించండి.

ఇక రోజువారీ పని సంగతి. సీరియల్ షూటింగ్ చాలా వేగంగా జరుగుతుంది. ఒకే సమయంలో వేర్వేరు దర్శకుల కింద అనేక ఎపిసోడ్లు నడుస్తాయి. పొద్దున కూతురు చనిపోయిన సీను, మధ్యాహ్నం అదే కూతురితో నవ్వుతూ టీ తాగే సీను తీయవలసి రావచ్చు. నటికి రోజుకు ఎన్నో పేజీల డైలాగు నోటికి రావాలి, రిహార్సల్‌కు దొరికే సమయం తక్కువ. తెల్లవారకముందే మేకప్ కుర్చీలో కూర్చోవాలి. జూన్ బ్రౌన్ ఆఖరి ఏళ్లలో చూపు బాగా మందగించినప్పుడు కూడా, మరొకరు చదివి వినిపిస్తే డైలాగులు కంఠస్థం చేసి నటించారు. ఇది అందం, అదృష్టం మీద ఆధారపడిన పని అని మీకెవరైనా చెబితే నమ్మకండి. జ్ఞాపకశక్తి, ఓర్పు, వేళకు రావడం, ఎదుటి నటుడి మీద గౌరవం ఉన్నవాళ్లే ఇందులో మిగులుతారు.

ఉద్యోగం అన్న మాట దగ్గర మీ అమ్మాయి ఒక విషయం తెలుసుకోవాలి. సోప్ నటి సాధారణంగా ఛానల్ ఉద్యోగి కాదు. మూడు నెలలకో, ఆరు నెలలకో, ఏడాదికో కాంట్రాక్టు రాస్తారు. ఇన్ని ఎపిసోడ్లకు ఇంత అని లెక్క. గడువు ముగిశాక పొడిగించాలా వద్దా అన్నది నిర్మాతల ఇష్టం, కథలో ఆ పాత్రను చంపేస్తే వాదించడానికి ఏమీ ఉండదు. స్వయం ఉపాధిదారుగా పన్ను రిటర్నులు తానే దాఖలు చేసుకోవాలి, పింఛను తానే కూడబెట్టుకోవాలి. ఇల్లు కొనడానికి బ్యాంకు అప్పు అడిగినప్పుడు నర్సుగా మీ జీతం చీటీకి ఉన్న విలువ ఆ కాంట్రాక్టుకు ఉండదు. వచ్చిన ఏడాది బాగా వస్తుంది, రాని ఏడాదికి అదే దాచుకోవాలి.

పైగా ఈ రంగం కుంచించుకుపోతోంది. బర్మింగ్‌హామ్‌లో బీబీసీ తీసిన డాక్టర్స్ అనే పగటి సీరియల్ 2000 నుంచి నడిచి 2024 నవంబరులో ఆగిపోయింది; డ్రామా స్కూలు నుంచి కొత్తగా వచ్చిన ఎంతోమంది నటులకు, రచయితలకు, దర్శకులకు మొదటి టీవీ అవకాశం ఇచ్చింది అదే కాబట్టి ఆ నష్టం పెద్దది. లివర్‌పూల్ నుంచి వచ్చే హోలీయోక్స్ 2024లో వారానికి అయిదు ఎపిసోడ్ల నుంచి మూడింటికి తగ్గింది. 2026 జనవరి నుంచి కొరొనేషన్ స్ట్రీట్, ఎమర్‌డేల్ రెండూ వారానికి అయిదు అరగంట ఎపిసోడ్లకు కుదించుకున్నాయి. ఎపిసోడ్లు తగ్గితే ముందుగా తగ్గేది పాత్రలే. ఒక్క సోప్‌నే గమ్యంగా పెట్టుకోవడం మంచిది కాదని నేను గట్టిగా చెప్పడానికి కారణం ఇదే.

మీ అమ్మాయి మన పిల్ల కాబట్టి శోభనా గులాటీ గురించి కూడా చెప్పాలి. మీకు దగ్గర్లోని ఓల్డమ్‌లో 1966లో పుట్టిన భారత సంతతి నటి ఆమె. మాంచెస్టర్ విశ్వవిద్యాలయంలో అరబిక్, మధ్యప్రాచ్య రాజకీయాలు చదివారు. నృత్యంలోనూ పనిచేశారు. విక్టోరియా వుడ్ రాసిన డిన్నర్‌లేడీస్ అనే హాస్య ధారావాహికలో అనితగా పేరు తెచ్చుకున్నాక, 2001లో కొరొనేషన్ స్ట్రీట్‌లో సునీతగా ప్రవేశించారు. 2006లో వెళ్లిపోయి, 2009లో తిరిగి వచ్చి, 2013లో ఆ పాత్ర మరణంతో శాశ్వతంగా బయటికి వచ్చారు. ఆ తర్వాత రంగస్థలం, సినిమా, తల్లి మతిమరుపు వ్యాధి గురించి రాసిన పుస్తకం, ఇలా పని ఆగలేదు. సునీత పాత్ర పోయినా శోభన వృత్తి పోకపోవడానికి కారణం ఆమెకు చదువు, నాట్యం, హాస్యం, నాటకం అన్నీ చేతిలో ఉండటమేనని నా అభిప్రాయం. అలాగే కొరొనేషన్ స్ట్రీట్‌లో 2000 నుంచి 2004 వరకు కారెన్‌గా నటించిన సురాన్ జోన్స్ తానే ఆ సీరియల్ వదిలి, తర్వాత డాక్టర్ ఫాస్టర్ అనే టీవీ డ్రామాతో బాఫ్టా గెలిచారు. ఆమె చిన్నప్పుడు నటన నేర్చుకున్న ఓల్డమ్ థియేటర్ వర్క్‌షాప్ మీ ఇంటికి ఎంతో దూరం కాదు.

ఇప్పుడు మీరు చేయవలసింది. ఫార్మసీ, నటన రెండూ వరసగా చదివించవచ్చని చాలామంది తల్లిదండ్రులు అనుకుంటారు. ఇంగ్లండ్‌లో ఒక డిగ్రీకి ప్రభుత్వ విద్యారుణం తీసుకున్నవారికి రెండో డిగ్రీకి సాధారణంగా పూర్తి రుణం దొరకదు. ఫార్మసీ నాలుగేళ్ల మాస్టర్స్ కోర్సు కాబట్టి, దాని తర్వాత నటనలో మాస్టర్స్ చేయాలన్నా రుణం దొరకడం కష్టమే. కాబట్టి ముందు ఇది చదువు, తర్వాత నీ ఇష్టం అని మీవారు అంటే, ఆ తర్వాతి చదువుకు డబ్బు మీ చేతినుంచే వెళ్లాలి. విద్యారుణం మీ కుటుంబ నివాస హోదా మీద కూడా ఆధారపడుతుంది, అది దరఖాస్తుకు ముందే తేల్చుకోండి.

నా సలహా ఇది. కెమిస్ట్రీ, బయాలజీలలో మంచి గ్రేడులు తెచ్చుకోవాలన్నది ఆమెకు పెట్టే ఒకే ఒక్క షరతు కావాలి, ఎందుకంటే ఆ గ్రేడులుంటే, ఆడిషన్లు ఫలించకపోయినా ఫార్మసీ తలుపు తెరిచే ఉంటుంది. ఈ ఏడాదే మాంచెస్టర్ స్కూల్ ఆఫ్ థియేటర్, లండన్‌లోని గిల్డ్‌హాల్, లామ్డా వంటి డ్రామా స్కూళ్లలో ఆడిషన్లకు దరఖాస్తు చేయనివ్వండి. వాటిలో డిగ్రీ ఇచ్చే మూడేళ్ల కోర్సులున్నాయి. పోటీ చాలా ఎక్కువ, మొదటి ఏడాది సీటు రాకపోవడం మామూలే. అందుకే ఆమెకు నచ్చిన సాధారణ మూడేళ్ల డిగ్రీ ఒకదానికి కూడా పక్కన దరఖాస్తు ఉంచండి. అది చదువుతూ విశ్వవిద్యాలయపు నాటక బృందంలో పనిచేసి, తర్వాత నటనలో ఏడాది మాస్టర్స్ చేసే దారి కూడా గౌరవమైనదే. ఆడిషన్‌కు సాధారణంగా షేక్‌స్పియర్ కాలపు ఏకపాత్ర ఒకటి, ఆధునికమైనది ఒకటి అడుగుతారు, ఇప్పుడే మొదలుపెట్టమనండి. 25 ఏళ్ల లోపువారిని తీసుకునే నేషనల్ యూత్ థియేటర్‌కు ప్రయత్నించడం కూడా మంచిదే.

నటన పేరుతో డబ్బు గుంజేవాళ్లు అక్కడా ఉన్నారు. అసలైన ఏజెంట్ పని వచ్చాక అందులోంచి కమిషన్ తీసుకుంటాడు, పేరు నమోదుకని, ఫొటోలకని ముందుగా డబ్బు అడగడు. పని మొదలయ్యాక నటుల సంఘమైన ఈక్విటీలో చేరడం తప్పనిసరి కాకపోయినా చేరమనే చెబుతాను, కాంట్రాక్టు చదివి పెట్టడానికి, హక్కుల కోసం నిలబడటానికి ఒక తోడు అవసరం.

మీవారికి నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. అమ్మాయి అడుగుతున్నది సీరియల్ కాదు, శిక్షణ. ఆ శిక్షణ పూర్తయ్యాక అయిదేళ్ల గడువు మీరంతా కలిసి ఒప్పుకోండి. ఆ అయిదేళ్లలో నాటకమో, రేడియోనో, పిల్లలకు డ్రామా నేర్పడమో, ఏ రూపంలోనైనా నటనతో తన ఖర్చులు తాను చూసుకోగలుగుతోందా అని చూడండి. సోప్‌లో పాత్ర వచ్చిందా రాలేదా అన్నది కొలత కాకూడదు. ఎ-లెవెల్ ఫలితాలు, ఆడిషన్ ఫలితాలు రెండూ చేతికొచ్చాక మళ్లీ రాయండి. ఏ కోర్సు, ఏ ఊరు, ఎంత ఖర్చు అన్నది అప్పుడు పేరుపేరునా చూద్దాం.