యారా వ్యాలీ వైన్ టూర్: తాగనివాళ్ళు వెళ్ళొచ్చా?

సందేహం: మెల్‌బోర్న్ వచ్చి ఆరు నెలలైంది. టార్నీట్‌లో ఉంటున్నాం. మా ఆఫీసు టీమ్ ఒక శనివారం యారా వ్యాలీ వైన్ టూర్ పెట్టుకుంది, అంటే ద్రాక్షతోటల్లో తిరిగి వైన్ రుచి చూడటం. నాకు మందు అలవాటు లేదు. వెళ్ళకపోతే ఏమనుకుంటారో అని టెన్షన్, వెళ్తే అక్కడ ఏం చెయ్యాలో తెలియదు. మార్చి ఆఖర్లో అమ్మానాన్నలు వస్తున్నారు. వాళ్ళని కూడా అలాంటి చోటికి తీసుకెళ్ళొచ్చా? మనకి కారుంది కదా, మనమే నడుపుకుంటూ వెళ్తే డబ్బు కలిసొస్తుంది అంటున్నారు మావారు.

జవాబు: వెళ్ళండమ్మా. టీమ్‌తోనూ వెళ్ళండి, అమ్మానాన్నలతోనూ వెళ్ళండి. కారు సంగతి మాత్రం ముందు తేల్చుకుందాం, ఎందుకంటే మన కొత్తవాళ్ళు దెబ్బతినేది అక్కడే.

వైనరీలో, అంటే వైన్ తయారుచేసే చోట, రుచి చూపించి అమ్మే గదిని ఇక్కడ సెల్లార్ డోర్ అంటారు. అక్కడ గ్లాసులో పోసేది తక్కువే, సుమారు 30 మిల్లీలీటర్లు. అది చూసి "ఇదేం లెక్క" అనిపిస్తుంది. ఒక్కో చోట ఐదు రకాలు, రోజులో నాలుగు వైనరీలు అనుకోండి. మొత్తం 600 మిల్లీలీటర్లు, అంటే ముప్పావు సీసాకి పైనే. ఆస్ట్రేలియాలో ఒక స్టాండర్డ్ డ్రింక్ అంటే 10 గ్రాముల ఆల్కహాల్. మామూలు వైన్ 100 మిల్లీలీటర్లలోనే అంత ఉంటుంది. కాబట్టి "కొంచెం కొంచెం రుచి చూశానంతే" అన్న మనిషి సాయంత్రానికి ఆరు డ్రింకులు తాగినట్టు. మత్తు తెలియదు, కబుర్లలో తెలియదు, ఎండలో అసలే తెలియదు.

విక్టోరియాలో పూర్తి లైసెన్స్ ఉన్నవాళ్ళకి రక్తంలో ఆల్కహాల్ 0.05 శాతం లోపు ఉండాలి. ఇండియాలో 0.03 కదా, ఇక్కడ కాస్త వదులే అనుకునేవాళ్ళున్నారు. అలా అనుకోకండి. ఇక్కడ పోలీసులు రోడ్డు పక్క బూజ్ బస్ అనే పరీక్ష బండి పెట్టి, వచ్చిన కార్లని ఆపి ఊదమంటారు. మీరు తప్పుగా నడపక్కర్లేదు, అనుమానం రానక్కర్లేదు. పూర్తి లైసెన్స్‌కి ముందు ఇచ్చే పీ ప్లేట్ మీద ఉన్నవాళ్ళకి హద్దు సున్నా. ఎల్ బోర్డు వాళ్ళకీ సున్నాయే, పక్కన కూర్చుని నేర్పేవాళ్ళు కూడా 0.05 లోపే ఉండాలి. 2018 ఏప్రిల్ 30 నుంచి చట్టం ఇంకా గట్టిపడింది. హద్దు కొద్దిగా దాటినా, మొదటి తప్పే అయినా, కనీసం మూడు నెలలు లైసెన్స్ పోతుంది. తిరిగి వచ్చాక కనీసం ఆరు నెలలు కారులో ఇంటర్‌లాక్ పెట్టుకోవాలి. అంటే దానిలో ఊది, మందు లేదని తేలితేనే బండి స్టార్ట్ అవుతుంది, ఆ ఖర్చూ మీదే.

మా పేటలో ఒక కుర్రాడికి ఇదే జరిగింది. స్నేహితులతో సరదాగా వెళ్ళాడు, భోజనం చేసి రెండు గంటలు ఆగాను కదా అనుకుని స్టీరింగ్ పట్టుకున్నాడు. కారు మీద తిరిగి చేసే ఉద్యోగం, అది పోయింది. ఇంట్లో చెప్పుకోలేక నెల రోజులు మా ఇంటి సోఫా మీద పడుకున్నాడు. ఆ పిల్లాడి ముఖం గుర్తొచ్చినప్పుడల్లా ఎవరు అడిగినా ఇదే చెబుతున్నాను. మీరు నడిపి, రోజంతా ఒక్క చుక్క ముట్టకుండా ఉంటే కారులో వెళ్ళొచ్చు, తప్పులేదు. మీవారు ఒక్క గ్లాసు రుచి చూసి నడుపుతారంటే మాత్రం ఒప్పుకోవద్దు.

డబ్బు లెక్క కూడా ఆయనకి చెప్పండి. టార్నీట్ ఊరికి పడమర, యారా వ్యాలీ తూర్పున. సిటీ నుంచే దాదాపు గంట దూరం, మీకు ఇంకా ఎక్కువ. పెట్రోలు, టోల్ రోడ్డు, ఒక్కో సెల్లార్ డోర్‌లో రుచికి కట్టే పది ఇరవై డాలర్లు, మధ్యాహ్నం భోజనం, ఇవన్నీ కలిపి చూడండి. చిన్న వ్యాను టూర్‌కి తలకి నూట యాభై రెండొందల డాలర్ల మాట వినగానే గుండె గుభేలుమంటుంది గానీ, అందులో సాధారణంగా రుచుల ఖర్చు, భోజనం, రానుపోను ప్రయాణం అన్నీ వస్తాయి. పొద్దున టార్నీట్‌లో రైలెక్కి సదరన్ క్రాస్‌లో దిగితే చాలు, చాలా టూర్లు సిటీలోనే ఎక్కించుకుంటాయి.

చిన్న వ్యానే ఎందుకు అంటున్నానంటే, యాభై మంది దిగే పెద్ద బస్సుని చిన్న వైనరీలు చాలావరకు రానివ్వవు. పెద్ద బస్సు వాళ్ళు పెద్ద హాళ్ళకే వెళ్తారు, అక్కడ క్యూ, గోల, గంట కొట్టినట్టు బయల్దేరడం. పది పన్నెండు మంది బండి అయితే ఒక కుటుంబం నడుపుకునే తోటలో ఆగుతుంది, వైన్ తయారుచేసినావిడే వచ్చి పోస్తుంది, మీరు ఏదైనా అడిగితే నిలబడి చెబుతుంది. డ్రైవరే గైడ్ కాబట్టి దారిపొడుగునా మాట్లాడుతూనే ఉంటాడు. ఎవరికైనా కొండ మలుపుల్లో కడుపులో తిప్పితే ఆపమని అడగడానికి మొహమాటం ఉండదు. మా అమ్మకి అది ఎంత ధైర్యమో!

ఇక మీ అసలు భయం. "ఐ డోంట్ డ్రింక్" అని ఒక్కసారి చెప్పండి, చాలు. కారణం చెప్పక్కర్లేదు, గుళ్ళూ పూజలూ ఎత్తక్కర్లేదు, మాత్రలు వేసుకుంటున్నానని అబద్ధం ఆడక్కర్లేదు. ఇక్కడ తాగనివాళ్ళు, కడుపుతో ఉన్నవాళ్ళు, మానేసినవాళ్ళు ఎప్పుడూ వస్తుంటారు. పోసేవాళ్ళు కూడా బాధ్యతగా మద్యం అమ్మడంలో శిక్షణ పొంది ఉండాలని చట్టం, ఎక్కువైనవాళ్ళకి వాళ్ళే పొయ్యరు. బుక్ చేసేటప్పుడే చెబితే కొందరు తాగనివాళ్ళకి ధర తగ్గిస్తారు, అడగండి. గ్లాసు పట్టుకుని వాసన చూడండి, రంగు చూడండి, అందులో సిగ్గేమీ లేదు. బల్ల మీద ఒక పాత్ర ఉంటుంది, నోట్లో తిప్పి అందులో ఉమ్మేస్తారు. మన ఇళ్ళల్లో తమ్మపడిగ ఉన్నట్టే. నలుగురిలో ఉమ్మడం మనకి ఇబ్బందిగా ఉంటుంది గానీ, ఆ పని బాగా తెలిసినవాళ్ళే అక్కడ ఎక్కువ ఉమ్ముతారు. గ్లాసులో మిగిలింది అందులో ఒంపేసినా ఎవరూ నొచ్చుకోరు. ఆ రోజు ఘాటైన సెంటు కొట్టుకోకండి, పక్కవాళ్ళకి వైన్ వాసన తెలియకుండా పోతుంది.

తిండి విషయంలో మొహమాటపడితే ఆకలితో ఇంటికొస్తారు. "వెజిటేరియన్" అని రాస్తే గుడ్డు వస్తుంది, ఒక్కోసారి చేప కూడా వస్తుంది. మాంసం, చేప, గుడ్డు మూడూ వద్దని విడివిడిగా రాయండి, అదీ కనీసం మూడు నాలుగు రోజుల ముందు. పొద్దున ఇంట్లో ఉప్మానో ఇడ్లీనో కడుపునిండా తిని బయల్దేరండి. శాకాహారులై వైన్ మాత్రం పుచ్చుకునేవాళ్ళకి ఒక మాట. వైన్ మడ్డి తేరడానికి కోడిగుడ్డు తెల్లసొన, పాల నుంచి తీసిన కేసీన్, చేప తిత్తి నుంచి తీసిన ఐసింగ్లాస్ వాడే పద్ధతి ఉంది. గుడ్డు, పాల సంగతి ఇక్కడ సీసా మీద రాస్తారు, చేపది రాయనక్కర్లేదు. పట్టింపు ఉంటే వీగన్ అని ఉన్న సీసా అడగండి.

ఆ ప్రాంతం గురించి కాస్త తెలుసుకుని వెళ్తే రోజు ఇంకా బాగుంటుంది. విక్టోరియాలో మొదటి ద్రాక్షతోట 1838లో యెరింగ్ దగ్గర వేశారు, ఇప్పటి యెరింగ్ స్టేషన్ అనే వైనరీ అక్కడే. చల్లటి లోయ కాబట్టి పినో న్వార్, షార్డొనే రకాలు బాగా పండుతాయి. బుడగలొచ్చే స్పార్క్లింగ్ వైన్ కోసం ఫ్రెంచ్ కంపెనీ మొయెట్ అండ్ షాండన్ 1986లో కోల్డ్‌స్ట్రీమ్ దగ్గర తన వైనరీ మొదలుపెట్టింది. చాలామంది గైడ్లు ఇంతవరకే చెబుతారు. ఈ నేల వురుంజెరి అనే ఆదివాసులది, యారా నదిని వాళ్ళు బిరరుంగ్ అంటారు. ఈ లోయలోని హీల్స్‌విల్ ఊరి పక్కన 1863లో కొరండర్క్ అనే ఆవాసం మొదలైంది. ఆదివాసులు అక్కడ సొంతంగా బీరులో వాడే హాప్స్ పండించి బతికారు, ఆ భూమి తమ చేతి నుంచి పోకుండా వురుంజెరి పెద్ద విలియం బరాక్ ముందు నిలబడి ఏళ్ళ తరబడి పోరాడాడు. 1924లో దాన్ని మూసేశారు. కంగారూలు, ప్లాటిపస్ చూడటానికి మనం వెళ్ళే హీల్స్‌విల్ శాంక్చువరీ ఆ నేల మీదే ఉంది. అమ్మానాన్నలకి ఈ కథ చెప్పండి. భూమి పోగొట్టుకోవడం అంటే ఏమిటో మనవాళ్ళకి వివరించక్కర్లేదు.

ఇప్పుడు మీ అమ్మానాన్నల సంగతి. మా నాన్నగారు జన్మలో మందు ముట్టలేదు. ఆయన వచ్చినప్పుడు నేనూ మీలాగే సందేహించాను. కానీ ఆయనకి హైదరాబాద్ శివార్లలో ద్రాక్షతోట ఉండేది. రాతి కడీలు పాతి, తీగలు లాగి, పైన పందిరి వేసి అనాబ్-ఎ-షాహి పండించారు. ఇప్పుడు అక్కడ ఇళ్ళు లేచాయి. మేం వెళ్ళింది సరిగ్గా ఉగాది ముందు వారం. అక్కడ వసంతం, ఇక్కడ ఆకు పండే కాలం, అయినా ద్రాక్ష కోత మాత్రం రెండు చోట్లా ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ లోపే. రెండో వైనరీలో బండి దిగగానే ఆయన గదిలోకి రాలేదు, వరుసల వైపు నడిచారు. గైడ్ పరుగున వెళ్ళి ఆపాడు. నాకు ప్రాణం చివుక్కుమంది.

కారణం తెలిశాక ఆ గైడ్ మీద గౌరవం కలిగింది. వేళ్ళని తినేసే ఫిలాక్సెరా అనే పురుగు 2006లో ఈ లోయలో కనబడింది. చెప్పుకి అంటిన మట్టితో కూడా ఒక తోట నుంచి ఇంకో తోటకి పాకుతుంది, అందుకే బయటివాళ్ళని వరుసల మధ్య అడుగుపెట్టనివ్వరు. దీనికి మందు లేదు, పురుగుని తట్టుకునే అమెరికన్ వేరు మీద అంటు కట్టిన మొక్కలతో మళ్ళీ నాటుకోవడమే దారి. నేను తెలుగులో చెబుతుంటే నాన్నగారు "మనం డాగ్రిడ్జ్ రకం వేరు మీద అంటు కట్టమూ? అలాగే" అన్నారు. మన దగ్గర అది నీటి ఎద్దడికీ ఉప్పునేలకీ, ఇక్కడ పురుగుకి.

తోటలో పనిచేసే పెద్దాయన అది విని గట్టు దగ్గరికి వచ్చాడు. చేతిలో పినో న్వార్ గుత్తి. పళ్ళు చిన్నవి, నల్లగా, తోలు పలచన, లోపల విత్తనాలు. నాన్నగారు నోట్లో వేసుకుని "ఇంత తీపా!" అన్నారు. పందిరి లేకుండా తీగ నిలువుగా ఎందుకు పాకిస్తారని అడిగారు. ఎండ తక్కువ కదా, ప్రతి ఆకుకీ వెలుతురు అందాలి అన్నాడాయన. చలికాలం మొత్తం తీగ ఆకు రాల్చి నిద్రపోతుంది, అప్పుడు ఒకే ఒక్క కత్తిరింపు. మన దగ్గర తీగ నిద్రపోదు, ఏటా రెండుసార్లు కత్తిరిస్తామంటే ఆయన నమ్మలేకపోయాడు. ఇద్దరికీ మధ్య భాష నేనే. లోపల మావాళ్ళు ఐదు రకాలు రుచి చూసి వచ్చేసరికి వీళ్ళ మాటలు ఇంకా తెమల్లేదు, బండి పది నిమిషాలు మా కోసం ఆగింది. పెద్ద బస్సు అయితే ఆగేది కాదు.

మార్చి ఆఖర్లో పొద్దున చలిగా, మధ్యాహ్నం ఎండగా ఉంటుంది, పెద్దవాళ్ళకి ఒక స్వెటర్ చేతిలో ఉంచండి. కుదిరితే శనాదివారాలు కాకుండా మామూలు రోజు చూసుకోండి. వ్యాను మెట్టు ఎత్తుగా ఉంటుంది, మోకాళ్ళ నొప్పులుంటే చిన్న స్టూల్ పెడతారేమో ముందే కనుక్కోండి. మీ నాన్నగారికి వ్యవసాయం తెలిస్తే ఆ మాట కూడా బుక్ చేసేటప్పుడే చెప్పండి. కోత రోజుల్లో తోటవాళ్ళు చేతినిండా పనితో ఉంటారు, గైడ్ ముందుగా ఒక మాట చెప్పి ఉంచితే ఎవరో ఒకరు గట్టు దాకా వచ్చి మాట్లాడతారు.