పెంచుకున్న మేనల్లుడు దత్తపుత్రుడు అవుతాడా?

ప్రశ్న: మాకు ఒక్కతే అమ్మాయి, పెళ్లయింది. 12 ఏళ్ల కిందట మా ఆడపడుచు రెండో కొడుకును తెచ్చుకొని పెంచుకున్నాం. అప్పుడు వాడికి నాలుగేళ్లు, ఇప్పుడు 16. బడి రికార్డుల్లోనూ ఆధార్‌లోనూ తండ్రిగా మా వారి పేరే ఉంది. కాగితం మాత్రం ఏదీ రాసుకోలేదు. మా వారి సొంత సంపాదనతో కట్టిన ఇల్లు, కొన్న రెండెకరాల పొలం ఉన్నాయి. వాటిలో వాడికి హక్కు రాదని మా మరిది అంటున్నారు. పాత తేదీతో దత్తత పత్రం రాయించుకుంటే సరిపోతుందని ఒక దస్తావేజు లేఖరి చెప్పారు. నిజమేనా?

జవాబు: పాత తేదీ మాట ముందు మరిచిపోండి. స్టాంపు కాగితం మీద దాన్ని ఎప్పుడు అమ్మారో, ఎవరికి అమ్మారో రాసి ఉంటుంది. వరుస సంఖ్యను విక్రేత రిజిస్టరుతో పోల్చి చూడటం ఎంతసేపు? ఆ ఒక్క కాగితం అబద్ధమని తేలితే, మీరు చెప్పే నిజాలను కూడా కోర్టు నమ్మదు.

మీ ఉత్తరంలో అన్నీ రాశారు గానీ అసలు సంగతి రాయలేదు. పిల్లవాడిని తెచ్చుకున్న రోజు ఏం జరిగింది? మీరు హిందువులైతే మీకు వర్తించేది 1956 నాటి హిందూ దత్తత, మనోవర్తి చట్టం. దాని ప్రకారం దత్తత అంటే బిడ్డను ఇచ్చిపుచ్చుకోవడం. కన్నవారు దత్తత ఇస్తున్నామని చెప్పి బిడ్డను అప్పగించాలి, మీరు మా బిడ్డగా స్వీకరిస్తున్నామని అందుకోవాలి. దత్తహోమం తప్పనిసరి కాదని చట్టంలోనే ఉంది. దత్తత పత్రం రిజిస్టరు కాకపోయినంత మాత్రాన దత్తత చెల్లకుండా పోదు. కానీ ఆ అప్పగింత జరగకపోతే ఎంత ఖరీదైన స్టాంపు కాగితం మీద రాసినా చెల్లదు. మేనమామ ఇంట్లో ఉండి చదువుకున్న పిల్లలు మన ఊళ్లలో ఎంతమంది లేరు? వాళ్లందరూ దత్తపుత్రులు కారు కదా.

బడి రికార్డులు ఉన్నాయన్న ధీమా కూడా వద్దు. హైదరాబాదు నుంచి వెళ్లిన ఒక కేసులో 2020లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు చూడండి. ఆ దంపతుల దగ్గరే పెరిగిన అమ్మాయి, బడి రికార్డుల్లోనూ పెంచిన తండ్రి ఉద్యోగ రికార్డుల్లోనూ కూతురిగా నమోదైన అమ్మాయి, కేసు ఓడిపోయింది. దత్తత జరగలేదని సాక్షాత్తూ పెంచిన తల్లే వాదించింది. ఇచ్చిపుచ్చుకున్నట్టు గానీ, భార్య సమ్మతి ఉన్నట్టు గానీ రుజువు కాలేదు.

కాబట్టి గుర్తు చేసుకోండి. ఆ రోజు మీ ఆడపడుచు దంపతులు నలుగురి ముందు పిల్లవాడిని మీ ఒడిలో కూర్చోబెట్టారా? అది నిజంగా జరిగి ఉంటే దత్తత అప్పుడే పూర్తయింది. 15 ఏళ్లు నిండకూడదన్న నిబంధనను ఆ రోజు వయసుతోనే లెక్కిస్తారు. మీకు కూతురు ఉండటం అడ్డంకి కాదు. కొడుకు గానీ, కొడుకు సంతానంలో మగపిల్లవాడు గానీ ఉంటేనే మరో కొడుకును దత్తత చేసుకోకూడదు. ఇప్పుడు మీరు చేయవలసింది, ఈనాటి తేదీతోనే పత్రం రాసి, ఫలానా నాడు ఫలానా వారి సమక్షంలో దత్తత జరిగిందని అందులో వివరించి, సబ్ రిజిస్ట్రార్ కార్యాలయంలో రిజిస్టరు చేయించడం. ఇచ్చిన దంపతులిద్దరూ, పుచ్చుకున్న మీరిద్దరూ సంతకాలు పెట్టాలి. అలాంటి పత్రం ఉంటే, కాదని ఎదుటివారు రుజువు చేసేదాకా దత్తత సక్రమంగానే జరిగిందని కోర్టు భావించాలని 16వ సెక్షన్ చెబుతోంది. ఆనాటి ఫొటోలు ఉంటే వెతికి పెట్టుకోండి.

అలాంటిదేమీ జరగలేదంటే, జరిగినట్టు రాయకండి. మీ కులంలో అలాంటి ఆచారం ఉందని రుజువు చేస్తే తప్ప, 15 నిండిన పిల్లవాడిని ఇప్పుడు ఈ చట్టం కింద దత్తత తీసుకోలేరు. అయినా మరో దారి ఉంది. 2015 నాటి బాలల న్యాయ చట్టం 18 నిండనివారిని బంధువులు దత్తత తీసుకోవడానికి వీలు కల్పిస్తుంది. మేనమామ ఆ 'బంధువు' నిర్వచనంలోకి వస్తారు. కేంద్ర దత్తత సంస్థ 'కారా' పోర్టల్‌లో నమోదు చేసుకొని, మీ జిల్లా బాలల సంరక్షణ విభాగాన్ని కలవండి. కన్నవారి సమ్మతితో పాటు పిల్లవాడి సమ్మతి కూడా కావాలి. 2022 సెప్టెంబరు నుంచి దత్తత ఉత్తర్వు ఇచ్చే అధికారం జిల్లా కలెక్టరుది, కోర్టుకు వెళ్లనక్కరలేదు.

ఇక మీ మరిది సంగతి. భార్య, కూతురు ఉండగా అన్న స్వార్జితంలో తమ్ముడికి వారసత్వమే లేదు. మీ అత్తగారు లేరనుకుంటే (ఉంటే ఆమెకూ ఒక సమాన వాటా వస్తుంది), దత్తత రుజువైతే మీ వారి తదనంతరం మీకు, అమ్మాయికి, అబ్బాయికి మూడు సమాన వాటాలు. రుజువు కాకపోతే మీకూ అమ్మాయికీ చెరిసగం. అంటే దత్తత చెల్లదంటే లాభపడేది మీ అమ్మాయే. ఇవాళ తమ్ముడంటే ప్రాణమే కావచ్చు. రేపు వాటాల దగ్గర అల్లుడు ఏమంటారో ఎవరికి తెలుసు? నా దగ్గరకు వచ్చిన దత్తత తగాదాల్లో సగానికి పైగా ఇంటి లోపలివే. దత్తత పత్రం మీద సాక్షిగా అమ్మాయి చేత సంతకం పెట్టించండి.

ఏ దారిన వెళ్లినా, మీ వారి చేత వీలునామా రాయించండి. దత్తత తీసుకున్నంత మాత్రాన సొంత ఆస్తిని తనకు నచ్చినట్టు రాసుకునే హక్కు ఆయనకు పోదు. అందులో 'నా దత్తపుత్రుడికి' అని మాత్రమే రాస్తే రేపు దత్తతతో పాటు వీలునామా కూడా వివాదంలో పడుతుంది. అబ్బాయి పేరు, కన్నవారి పేర్లు, పుట్టిన తేదీ స్పష్టంగా రాసి, దత్తత చెల్లినా చెల్లకపోయినా ఈ ఆస్తి ఇతనికే అని ఒక వాక్యం చేర్చమనండి.

అబ్బాయికి కూడా ఒక మాట చెప్పండి. దత్తత వెళ్లాక కన్నవారి ఆస్తిలో అతనికి వారసత్వం ఉండదు. అంతకుముందే సంక్రమించినది ఉంటే అది అతనిదే. సక్రమంగా జరిగిన దత్తతను మీరు గానీ, అతను గానీ రద్దు చేసుకోలేరు. ఈలోగా జనన ధ్రువపత్రం తీసి 18 ఏళ్లు ఏ తేదీకి నిండుతాయో చూడండి. కలెక్టరు ఉత్తర్వు అవసరమైతే అది ఆ తేదీ లోపే రావాలి.