‘రేఖావ’ మీద నీ వ్యాసం చదివాక

తమ్ముడూ,

నీ వ్యాసం రెండుసార్లు చదివాను. ‘మైలురాయి’ అన్న మాట పదే పదే వాడావు. అది తీసెయ్. లెస్టర్ జేమ్స్ పీరిస్ దర్శకత్వంలో వచ్చిన ఈ సింహళ చిత్రం ‘రేఖావ’ అంత పెద్ద సినిమా ఎందుకైందో తెలియాలంటే, అంతకుముందు సింహళ సినిమా ఎలా ఉండేదో ముందు చెప్పాలి.

మొదటి సింహళ టాకీ ‘కడవును పొరొందువ’ 1947లో విడుదలైంది. తీసింది శ్రీలంకలో కాదు, మదురైలో. ఆ తర్వాత కూడా చాలా ఏళ్లు దక్షిణ భారత స్టూడియోలే, ఇక్కడి కథలూ బాణీలే. పాత్రలు మాత్రం సింహళంలో మాట్లాడేవి. అప్పట్లో తెలుగు సినిమా కూడా మద్రాసులోనే ఉండేది కాబట్టి మన పాఠకుడికి ఇది ఇట్టే తెలుస్తుంది.

అలాంటి రోజుల్లో లెస్టర్ జేమ్స్ పీరిస్, ఛాయాగ్రాహకుడు విలియం బ్లేక్, ఎడిటర్ టైటస్ డిసిల్వా ప్రభుత్వ ఫిల్మ్ యూనిట్ ఉద్యోగాలు వదిలి, కెమెరాను నేరుగా పల్లెకు పట్టుకెళ్లారు. ‘రేఖావ’ను చెట్ల కింద, అసలైన ఎండలో తీశారు. కథలో, తన స్పర్శతో చూపు తెప్పించాడని ఒక పిల్లవాణ్ణి ఊరంతా నెత్తిన పెట్టుకుంటుంది, తర్వాత అదే ఊరు వాడి మీద తిరగబడుతుంది. ఆ మార్పు నన్ను ఇప్పటికీ కలవరపెడుతుంది. నువ్వు దాన్ని ఒక్క వాక్యంలో దాటేశావు! అక్కడ ఆగు, నెమ్మదిగా రాయి.

1957లో ఫ్రాన్స్‌లోని కాన్ చిత్రోత్సవం పోటీకి వెళ్లిందని గొప్పగా రాశావు. సొంత దేశంలో ఆడలేదని ఎందుకు రాయలేదు? సినిమా మీద ప్రేమతో దాచావనుకుంటాను, కానీ ఆ ఓటమి చెప్పకపోతే ప్రభావం గురించి నువ్వు రాసింది ఎవరూ నమ్మరు. ‘రేఖావ’ వచ్చింది 1956 చివర్లో. పీరిస్ ‘గంపెరళియ’ తీసేసరికి 1963. మార్టిన్ విక్రమసింఘె నవల ఆధారంగా తీసిన ఆ సినిమాకే 1965లో ఢిల్లీలో జరిగిన అంతర్జాతీయ చిత్రోత్సవంలో స్వర్ణ మయూరం అవార్డు వచ్చింది. దానికీ కెమెరా బ్లేక్‌దే.

ప్రభావాన్ని మనుషుల్లో వెతుకు. ‘రేఖావ’ యూనిట్‌లో తెర వెనక పనిచేసిన గామిణి ఫొన్సేకా తర్వాత సింహళ తెర మీద పెద్ద స్టార్ అయ్యాడు. ఎడిటర్ టైటస్ దర్శకుడై, అతన్నే హీరోగా పెట్టి ‘చండియా’ అనే ఫైటింగ్ సినిమా తీశాడు. అంటే ఆ బృందం నుంచి కళాత్మక చిత్రాలే కాదు, మాస్ సినిమా కూడా పుట్టింది. నీ వ్యాసంలో దీని ఊసే లేదు. నాకైతే అన్నిటికన్నా ఆసక్తికరమైన సంగతి ఇదే.

కాన్ భాగం సగానికి తగ్గించి, ఈ ఇద్దరి గురించి ఒక పేజీ రాసి పంపు. టెన్షన్ పడకు, వచ్చే నెల సంచికకైనా పర్వాలేదు.

మీ అన్నయ్య