నాలుగు గంటల టీ ఎవరు పెట్టాలి?

"2024లో 62 నిండి జలవనరుల శాఖ నుంచి పదవీ విరమణ చేశాను. విజయవాడ సత్యనారాయణపురంలో సొంత ఇల్లు. పిల్లలిద్దరికీ పెళ్లిళ్లయ్యాయి. మా నాన్నగారు 66వ ఏట కాలం చేశారు. మిగిలిన జీవితంలో ఒక్క నిమిషం కూడా వృథా కాకూడదని జనవరిలో పుస్తక ప్రదర్శనకు వెళ్లి కాలం విలువ గురించిన పుస్తకాలు కొన్నాను. అవి చదివి దినచర్య రాసుకున్నాను, జత చేస్తున్నాను. నా భార్యకు మాత్రం కాలం విలువ తెలియడం లేదు. రోజూ మధ్యాహ్నం మూడింటికి వెనక వీధిలో స్నేహితురాలి ఇంటికి వెళ్లి ఐదున్నరకు వస్తుంది. అంతసేపూ ఏం చేస్తారంటే 'ఏమీ లేదు, కూర్చుంటాం' అంటుంది. నాలుగింటికి నేను తాగే టీ ఫ్లాస్కులో పోసి వెళ్తుంది. ధ్యానానికి రమ్మంటే రాదు. కార్తికంలో కాశీలో తొమ్మిది నిద్రలు చేద్దామంటే, కూచిపూడి దగ్గర వాళ్ల ఊరికి వెళ్లి వారం ఉంటానంటుంది. అత్తమామలు పోయి చాలా కాలమైంది. అక్కడ ఎవరున్నారని? ఆమెకు కాలం విలువ ఎలా నేర్పాలి? ధ్యానానికి ఉదయం మంచిదా, సాయంత్రమా?"

అన్నయ్యగారూ, ధ్యానం సంగతి ముందు తేల్చేద్దాం. మీకు ఏ వేళ కుదిరితే ఆ వేళ చేసుకోండి. వదినగారికి కాలం విలువ ఎలా నేర్పాలన్న ప్రశ్నకు మాత్రం నేను జవాబు చెప్పను. అది అడగదగిన ప్రశ్న కాదు.

మీ దినచర్య కాగితం రెండుసార్లు చదివాను. రూళ్లకర్రతో గీతలు గీసి, రంగు పెన్సిళ్లతో గళ్లు దిద్ది చాలా శ్రద్ధగా చేశారు. నాలుగున్నరకు లేవడం, ఐదింటికి ఇందిరా గాంధీ స్టేడియంలో నడక, ఆరున్నరకు కాఫీ, ఎనిమిదింటికి టిఫిన్, తొమ్మిదింటికి భాగవతం, పదకొండింటికి పండ్ల ముక్కలు, ఒంటిగంటకు భోజనం, నాలుగింటికి టీ, ఐదింటికి ధ్యానం, ఎనిమిదింటికి పుల్కాలు. ఇందులో వదినగారి ప్రస్తావన ఒక్కచోట కూడా లేదు. ఆవిడ చేయవలసిన పని మాత్రం ఆరుచోట్ల ఉంది.

'టిఫిన్' అని మీరు ఒక్క మాటలో రాసిన గడి చూడండి. ఎనిమిదింటికి మీ కంచంలోకి ఇడ్లీ రావాలంటే ముందురోజు మధ్యాహ్నం మినప్పప్పు నానాలి. సాయంత్రం రుబ్బి, రవ్వ కలిపి, పిండి పులియడానికి పక్కన పెట్టాలి. పొద్దున్నే లేచి, పొంగి మూత మీదికొచ్చిన పిండిని సర్దుకోవాలి. పచ్చడికి కొబ్బరి కోరాలి. మీరు తిని లేచాక ఇడ్లీ రేకులకు అంటుకున్నది గీకి కడగాలి. పసుపు రంగు పెన్సిలుతో మీరు దిద్దింది అరగంట గడి. దాని వెనక ఆవిడ మధ్యాహ్నం, సాయంత్రం, తెల్లవారుజాము ఉన్నాయి.

ఆ మధ్యాహ్నం మూడు నుంచి ఐదున్నర దాకా ఆవిడ బయటికి వెళ్తే మీకు కాలం వృథా అనిపించింది. పోనీ అంతా గాలికి వదిలేసి వెళ్తున్నారా అంటే అదీ లేదు. మీ టీ ఫ్లాస్కులో పోసి మరీ వెళ్తున్నారు! మీ ఇంట్లో కాలం విలువ తెలిసిన మనిషి ఆవిడేనని నాకు అనిపిస్తోంది. రోజు మొత్తంలో రెండున్నర గంటలు ఎవరికీ లెక్క చెప్పకుండా తనకోసం ఉంచుకున్నారు. ఆ ఇంట్లో ఏం మాట్లాడుకుంటారో, అసలు మాట్లాడుకుంటారో లేదో మీకు అనవసరం.

మీ ఉద్యోగానికి గడువు ఒకప్పుడు 58. 2014లో 60 చేశారు, 2022 జనవరి నుంచి 62 చేశారు. సంఘాలు, ఉత్తర్వులు, వీడ్కోలు సభ, శాలువా అన్నీ ఉన్నాయి. వదినగారి గడువు మీద ఇంతవరకు ఏ ఉత్తర్వూ రాలేదు. పైగా మీరు విశ్రాంతిలోకి రాగానే ఆవిడకు పని పెరిగింది. క్యారియర్ ఇచ్చి పంపేస్తే సాయంత్రం దాకా ఇల్లు ఆవిడదే అయిన రోజులు పోయి, గంట గంటకూ ఒక గడి వచ్చింది.

ఇది మీ ఒక్క ఇంటి కథ కాదు. 2019లో జాతీయ గణాంక కార్యాలయం దేశమంతటా ఎవరి రోజు ఎలా గడుస్తోందో లెక్క తీసింది. అప్పట్లో ఇంటి పనికి ఆడవారు రోజుకు సగటున 299 నిమిషాలు పెట్టేవారు, మగవారు 97. ఆ 97 కూడా ఇంటి పనిలో చెయ్యి పెట్టే మగవారి సగటు మాత్రమే. నూటికి డెబ్బై మందికి పైగా మగవారు ఆ లెక్కలోకే రాలేదు. మీరు ఎటువైపు ఉన్నారో నన్ను అడగనక్కర్లేదు.

ఉత్తరం చివర ఇంకో మాట రాశారు. 2016 కృష్ణా పుష్కరాలకు పన్నెండు రోజులూ ఘాట్ల దగ్గర రాత్రింబవళ్లు డ్యూటీ చేశానని, ఇంట్లో ఇరవై మందికి పైగా బంధువులు దిగినా ఎవరికీ లోటు రానీయలేదని. బెజవాడలో ఇల్లున్న ప్రతివారికీ ఆ ఆగస్టు గుర్తే. లోటు రానీయనిది ఎవరు? అంతమందికి వండి వార్చిన మనిషి, నది అంత దగ్గరలో ఉండగా, ఒక్క మునక వేయగలిగారో లేదో మీకు తెలుసా? మళ్లీ పుష్కరాలు 2028లో. అప్పటికైనా చుట్టాల భోజనాలకు వంటమనిషిని మాట్లాడండి.

ఇంత కటువుగా ఎందుకు రాస్తున్నానంటే, మీరు చెడ్డవారని కాదు. నాన్నగారు 66వ ఏట పోయారన్న ముక్క నన్ను ఆపింది. ఆ రంగు గళ్లన్నీ ఆ భయంలోంచి వచ్చినవే. మీరు ఆ వయసుకు దగ్గరపడుతున్నారు, రాత్రిళ్లు లెక్క వేసుకుంటున్నారు. సహజమే. నాన్నగారికి ఏ జబ్బు వచ్చిందో రాయలేదు. గుండెకు సంబంధించినదైతే డాక్టరుకు ఆ విషయం చెప్పి, బీపీ, షుగరు, కొలెస్ట్రాల్ చూపించుకోండి. ఆయన పోయిన వయసు మీకు రాసిపెట్టిన వయసు కాదు.

కానీ ఈ భయాన్ని ముక్కూ మొహం తెలియని నాకు రాశారు. వదినగారితో అన్నారా? ఉత్తరం ఎంత వెతికినా ఆ జాడ లేదు. ఆవిడకు చెప్పింది 'నాలుగున్నరకు లే, ధ్యానానికి రా, కాశీకి పద' అని మాత్రమే. మీరు పోతానేమోనని భయపడుతున్నారని తెలియని మనిషికి ఇదంతా కొత్త అధికారిగారి హడావిడిలా కనిపించదూ? ఆ మాట ఒక్కటి నోరు విప్పి చెప్పండి. ఉపన్యాసంలా వద్దు. భోజనం దగ్గర చెప్పినా చాలు.

తర్వాత ఆ ఆరు గళ్లలో రెండింటిని పూర్తిగా మీరు తీసుకోండి. ఉదయం కాఫీ, సాయంత్రం టీ. ఫిల్టరులో పొడి ఎంత వేయాలో, నీళ్లు ఎంత మరగాలో నాలుగు రోజులు పాడుచేస్తే మీకే తెలుస్తుంది. వంటింట్లోంచి "ఏమోయ్, పంచదార డబ్బా ఎక్కడ?" అని కేక వేయకండి. గిన్నెలు సింకులో పడేసి రాకండి. అన్నిటికన్నా ముఖ్యం, 'ఆవిడకు సాయం చేస్తున్నాను' అని స్టేడియం మిత్రులతో చెప్పుకోకండి. మీరు తాగే కాఫీ మీరు పెట్టుకోవడం ఎవరికి సాయం?

కాశీకి టికెట్లు ఇంకా తీయలేదు కదా, మంచిది. ముందు వాళ్ల ఊరు. అక్కడ ఎవరున్నారని మీరు అడగకూడదు, ఆవిడ పుట్టి పెరిగిన చోటు అది. పామర్రు మీదుగా బస్సులో రెండు గంటల ప్రయాణం. ఆవిడ రమ్మంటే వెంట వెళ్లండి. ఒక్కదాన్నే వెళ్తానంటే బస్టాండు దాకా సంచి మోసి, బస్సెక్కించి రండి. ఆ వారం మీ భోజనానికి ఏం చేయాలో ఆవిడ చెప్పి వెళ్లనక్కర్లేదు.